పాత్ర మధ్యలో లేచిన మనిషి

మా బావ రూమెన్ గెంచెవ్ స్టేజీ ఎక్కబోయే ముందు ప్రతిసారీ వాంతి చేసుకుంటాడు. ఇది ఆయన దాచుకునే సంగతేం కాదు. పెళ్లయిన కొత్తలో మా అమ్మ భ్రమరాంబ నన్ను పక్కకి పిలిచి, "అల్లుడికి కడుపులో జబ్బేమైనా ఉందేమో కనుక్కోరా శశీ" అంది. నేను ఆయన్నే అడిగేశాను.

"జబ్బు కాదు, భయం" అన్నాడు.

ఇన్నేళ్లుగా నాటకాలూ సినిమాలూ చేస్తున్నవాడివి, ఇంకా భయమేమిటన్నాను.

"చేసేకొద్దీ పెరిగేది అదొక్కటే" అన్నాడు.

ఆయనది బల్గేరియా. డాన్యూబ్ నది ఒడ్డున రూసె అనే ఊళ్లో పుట్టాడు. తండ్రి సరుకుల పడవల్లో ఇంజన్లు బాగుచేసేవాడు. తల్లి ఆ ఊరి నాటకశాలలో నటులకు బట్టలు కుట్టేది. బడి వదలగానే రూమెన్ తల్లి దగ్గరికి పోయి, గుడ్డపీలికల గుట్ట మీద కూర్చుని, తెర సందులోంచి నాటకం చూసేవాడు. అక్కడ ఆయనకి బాగా గుర్తుండిపోయినవి రాజుల వేషాలూ కత్తులూ కావు. స్టేజీ కింద గూడులాంటి చోట కూర్చుని, నటులు మాట మరిచిపోతే అందించే ఒక ముసలావిడ. మన పద్యనాటకాల్లో పక్కతెర చాటునుంచి ప్రాంప్టింగ్ చెప్పేవాళ్ల పనే ఆవిడదీ. ఎవరు ఏ మాట దగ్గర తడబడతారో ఆవిడకి ముందే తెలిసేది. ఆవిడ ఉన్నంతకాలం ఎవరికీ ఏమీ కాదని ఆ పిల్లాడి నమ్మకం.

సోఫియాలో నటన చదువుకుని తన ఊరి నాటకశాలకే తిరిగొచ్చేసరికి ఆ గూడు మీద పలకలు కొట్టేశారు. మాటలు అందించే ఉద్యోగమే తీసేశారు. మొదటి చెప్పుకోదగ్గ వేషం యుద్ధం నుంచి చావుకబురు మోసుకొచ్చే సైనికుడిది. టోపీ తీశాడు, ఒక్క వాక్యం పలికాడు. ఆ తర్వాత ఏముందో బుర్రలో లేదు. హాలంతా నిండుగా ఉంది, ఎవరో దగ్గుతున్నారు. కాళ్ల కింద పలకలవైపు చూశాడు. అక్కడ ఎవరూ లేరు. చివరికి తల్లి వేషం కట్టిన నటి ఆయన ముఖం చూసి, "నా కొడుకు పోయాడు కదూ" అని తనే అనేసింది. జనం ఏడ్చారు. ఆ కుర్రాడి మౌనం అద్భుతమని పత్రికవాళ్లు రాశారు. బావకి మాత్రం ఆ రోజు నుంచి భయం పట్టుకుంది.

సినిమాల్లో ఆ బాధ తక్కువ, మాటలే ఉండేవి కావు కనక. సోఫియా చుట్టుపక్కల విదేశీ కంపెనీలు చవకలో సినిమాలు తీసేవి. వాటికి చచ్చిపోయేవాళ్లు కావాలి. మా బావ మనిషి పొడగరి, లోతుకళ్లు, ఎప్పుడో విరిగి వంకరగా అతుక్కున్న ముక్కు. విలన్ వెనకాల నిలబడి, కథ ఊపందుకోకముందే పోయే అనుచరుడి వేషాలన్నీ ఆయనకే వచ్చేవి. మంచులో పోయాడు, రైలుకింద పోయాడు, నూతిలో పోయాడు, ఒకసారి ఎలుగుబంటి చేతిలోనూ పోయాడు. సరిగ్గా చావడం ఒక విద్యంటాడు. "కళ్లు ఆఖర్న పోవాలి. అందరూ వాటినే ముందు మూసేస్తారు."

మాది కాకినాడ. మా అక్క సత్యవాణి కెమికల్ ఇంజనీరు. ప్రమాదాలు జరక్కుండా చూడటం ఆమె పని. కంపెనీ తరఫున కొన్నాళ్లు నల్లసముద్రం ఒడ్డున వర్నా నగరం దగ్గరి కర్మాగారంలో పనిచేసింది. అక్కడివాళ్లు ఒకరోజు ఆమెను నాటకానికి లాక్కెళ్లారు. ఒక్క ముక్క అర్థంకాని భాష. తగలబడుతున్న ఇంట్లో చిక్కుకున్న తండ్రి వేషం రూమెన్‌ది. అక్కకి చెమటలు పట్టి పక్కనున్నావిడ చెయ్యి పట్టేసుకుందట. నాటకమయ్యాక పరిచయం చేస్తే, "మీరు నిజంగానే భయపడుతున్నారు కదా?" అని అడిగింది. ఎలా తెలిసిందన్నాడాయన. "ప్రమాదం ఎక్కడుందో చూడటమే నా ఉద్యోగం" అంది. ఏడాది తిరక్కుండా పెళ్లయింది.

అక్కకి సింగపూర్‌లో ఉద్యోగం వచ్చినప్పుడు బావ కూడా వచ్చేశాడు. చోవా చూ కాంగ్‌లో ఫ్లాట్ తీసుకున్నారు. వాళ్లకి ఒక్కతే కూతురు, తన్మయి. నేనూ ఇక్కడే సెంబవాంగ్‌లో ఉండి బ్యాంకులో పనిచేస్తాను. ఆదివారం భోజనం మాత్రం అక్కవాళ్లింట్లోనే. నాన్న పోయాక అమ్మ వచ్చి అక్కతోనే ఉండిపోయింది. రూమెన్ అనే పేరు ఆమె నోట్లో పడి రామం అయింది. ఆమెతో మాట్లాడీ మాట్లాడీ ఆయనకి తెలుగొచ్చింది.

"ఇంకాస్త పప్పు వెయ్యనా రామం బాబూ?" అనేది అమ్మ.

బావ తల పైకీ కిందికీ ఊపేవాడు. అమ్మ గరిటెడు వేసేది. ఆయన కంగారుగా ఇంకా గట్టిగా ఊపేవాడు. ఇంకో గరిటె పడేది. బల్గేరియాలో తల పైకీ కిందికీ ఊపితే వద్దనీ, అడ్డంగా తిప్పితే అవుననీ మాకు తెలిసేలోగా ఆయన చొక్కాలు బిగుతైపోయాయి. తర్వాత మాలాగే ఊపడం నేర్చుకున్నాడు. అయినా నిద్రమత్తులోనో తొట్రుపాటులోనో పాత అలవాటే బయటికొచ్చేది.

ఇక్కడ ఆయనకి దొరికిన వేషాలు కొద్ది. ప్రకటనల్లో కోటు తొడుక్కున్న తెల్లదొర మేనేజరు, ఒక చిన్న బృందంతో ఏడాదికో నాటకం. రోజూ ఉండే పని మాత్రం వైద్య విద్యార్థుల పరీక్షల్లో రోగిగా నటించడం. ఇవాళ గుండెనొప్పి, రేపు కిడ్నీలో రాయి. పొద్దున బూట్లు వేసుకుంటుంటే తన్మయి, "డాడీ, టుడే యూ డై ఆర్ నాట్?" అని అడిగేది. "ఈరోజు చావు లేదు, కడుపునొప్పే" అనేవాడు. "ఓకే లా, ఈజీ" అని సింగపూర్ యాసలో అనేసి అది స్కూలుకి పోయేది.

అక్క పనిచేసే కర్మాగారం జురాంగ్ ఐలాండ్‌లో ఉంది. పాస్ లేనిదే ఆ దీవిలోకి ఎవరినీ రానివ్వరు. ఏటా ఒకసారి అక్కడ మాక్ డ్రిల్ పెడతారు. ప్రమాదం జరిగినట్టు సైరన్ మోగుతుంది, కొందరు గాయపడ్డట్టు పడుకుంటారు, రక్షణ బృందం వచ్చి మోసుకుపోతుంది. పడుకున్నవాళ్లు ఫోన్లు చూసుకుంటూ నవ్వుతుంటే మోసేవాళ్లూ నవ్వేవాళ్లు. అక్కడి సేఫ్టీ ఆఫీసరు జనార్ధనరావు గారు విశాఖపట్నం మనిషి. "మీ ఆయన్ని ఒకసారి పంపకూడదామ్మా? నిజంగా అరిచే మనిషి ఒక్కడుంటే మనవాళ్లు నిజంగా పరిగెడతారు" అన్నారు అక్కతో.

బావకి ఇష్టంలేదు. ఆ గొట్టాలూ ట్యాంకులూ చూస్తేనే ఆయనకి గుండె దడ. ఆ ఆదివారం భోజనాల దగ్గర నేనూ ఉన్నాను.

"అక్కడ దేనికి భయపడాలి వాణీ?" అని అడిగాడు.

"కుళ్లిన కోడిగుడ్డు వాసన వస్తే బయటికి పరుగెత్తు" అంది అక్క. "వాసన తెలుస్తోందంటే నీకింకా కొంచెం టైముందన్నమాట."

"తెలియకపోతే?"

"వస్తున్న వాసన ఉన్నట్టుండి ఆగిపోతే అప్పుడు భయపడు. గ్యాస్ పోయిందని కాదు, నీ ముక్కు చచ్చిపోయిందని. ఇంకోటి. లోపల ఎవరైనా పడిపోయి ఉంటే మాస్క్ లేకుండా తీసుకురావడానికి వెళ్లకూడదు. ఒకణ్ణి తేబోయి ముగ్గురు పోయిన కేసులు నాకు తెలుసు."

"అన్నం దగ్గర ఏం మాటలే ఇవి" అంది అమ్మ.

మొదటి రెండుసార్లూ డ్రిల్ బాగా జరిగింది. ఆయన అరుపులు విని స్ట్రెచర్ పట్టుకున్న కుర్రాడొకడు ఏడ్చేశాడని జనార్ధనరావు గారు గొప్పగా చెప్పుకున్నారు. నిరుడు మూడోసారి వెళ్లాడు. ఆరోజు ఉదయం ఆకాశం మూసుకుపోయి ఉంది. ఆకు కదలడంలేదు.

తొడ మీద సిలికాన్‌తో చేసిన గాయం అతికించారు. మాంసం చీలి ఎముక బయటికొచ్చినట్టుంది. చుట్టూ ఎర్రరంగు పోశారు. అందుకోసం జాకెట్ విప్పమన్నారు. విషవాయువు తగిలితే కీచుమని మోగే చిన్న పరికరం ఆ జాకెట్‌కే తగిలించి ఉంది. జాకెట్ కుర్చీ మీదే ఉండిపోయింది. ఆయనా మరిచాడు, చూడాల్సినవాళ్లూ చూడలేదు.

ఆ డ్రిల్‌లో రెండో క్షతగాత్రుడు షౌకత్. హైదరాబాద్ మనిషి, ఆ కర్మాగారంలోనే టెక్నీషియన్. అతనిది స్పృహ తప్పినవాడి వేషం. ఎవరొచ్చి పిలిచినా, కదిపినా కళ్లు తెరవకూడదని మరీమరీ చెప్పారు.

"మస్తు వేషం భాయ్ నాది" అన్నాడు షౌకత్ బావతో. "ఇంట్ల బేగం పండుకోనియ్యది. ఈడ ఆఫీసోళ్లే పండుకోమంటుండ్రు."

బయల్దేరే ముందు జనార్ధనరావు గారు ఇద్దరినీ నిలబెట్టి ఒక సంకేతపదం చెప్పారు. "నిజంగా ఏమైనా అయితే 'టెంబుసు' అని అరవండి. హెల్ప్ అన్నా, గ్యాస్ అన్నా, రియల్ అన్నా నటనే అనుకుంటాం. టెంబుసు అంటే మాత్రం ఎక్కడిదక్కడ ఆపేస్తాం." టెంబుసు ఇక్కడ పార్కుల్లో, రోడ్ల పక్కన కనిపించే చెట్టు. బావ ఆ పేరు మూడునాలుగుసార్లు పెదాల మీదే అనుకున్నాడు.

డ్రిల్‌కి ఎంచుకున్నది పంపులుండే షెడ్డు. మూడు పక్కలా గోడలు, పైన రేకులు. లోపలి మూల కొంచెం పల్లంగా ఉంటుంది. షౌకత్ అక్కడ పంపు పక్కన వెల్లకిలా పడుకున్నాడు. బావ గుమ్మానికి దగ్గర్లో పడుకున్నాడు. బయట దూరంగా అడ్డంగా కట్టిన టేపు అవతల సురియాని అనే మలయ్ అమ్మాయి పసుపు కోటు వేసుకుని నిలబడింది. ఎవరెలా చేస్తున్నారో చూసి మార్కులు వేయడం ఆమె పని. అక్క కంట్రోల్ రూమ్‌లో ఉండి రేడియోలో డ్రిల్ నడిపిస్తోంది.

సైరన్ మోగింది. ఉత్తుత్తి పొగ వదిలారు. బావ అరవడం మొదలుపెట్టాడు. కాలు నలిగిపోయినవాడి అరుపు, ఉండి ఉండి తెగుతూ.

కాసేపటికి ఆ తియ్యటి పొగ వాసన వెనకనుంచి ఇంకో వాసన వచ్చింది. కుళ్లిన కోడిగుడ్డు.

బావ ముందు అనుకున్నదేమిటంటే, జనార్ధనరావు గారు ఈసారి వాసన కూడా ఏర్పాటు చేశారని. భలే ఉందనుకున్నాడు. అరుస్తూనే ఉన్నాడు. ఆ ఒక్క ఊహ గురించి ఇప్పటికీ తలపట్టుకుంటాడు. అసలు సంగతి తర్వాత బయటపడింది. పంపు వెనక సన్నటి గొట్టం అతుకు దగ్గర చీలింది. దానికీ డ్రిల్‌కీ సంబంధం లేదు. ఎప్పుడు చీలాల్సిందో అప్పుడే చీలింది.

అరుస్తూ ఊపిరి పీల్చాడు. వాసన లేదు.

ఇంకోసారి పీల్చాడు. పొగ వాసన కూడా లేదు. ఏ వాసనా లేదు.

అప్పుడు వినిపించింది షౌకత్ జాకెట్‌కున్న పరికరం కీచుమని మోగడం. అది ఎప్పటినుంచో మోగుతోంది. సైరన్లూ అలారాలూ అన్నీ మోగుతున్న చోట అదీ ఒక చప్పుడైపోయింది.

"షౌకత్ భాయ్!"

జవాబు లేదు.

"షౌకత్ భాయ్, లే! ఇది డ్రిల్ కాదు!"

షౌకత్ కదల్లేదు. పిలిస్తే పలకొద్దనే కదా అతనికి చెప్పింది. నోరు కొద్దిగా తెరుచుకుని ఉంది. ఒక చెయ్యి పొట్టమీంచి జారి నేలమీద పడి ఉంది. ఇందాకా ఆ చెయ్యి పొట్టమీదే ఉందా? గుర్తులేదు. చావడమే వృత్తిగా బతికిన మనిషి ఆ చేతివైపే చూస్తుండిపోయాడు. అది నటిస్తున్న చెయ్యా, కాదా? తెలియలేదు. సాటి నటుడు ఊపిరి పీలుస్తున్నాడో లేదో ఆయనకి తెలియలేదు.

"ఒక్కసారి కన్ను కొట్టు భాయ్. ఎవరికీ చెప్పను."

తలలో సుత్తితో కొడుతున్నట్టుంది. కళ్లు మండుతున్నాయి. బయటికి తిరిగి, "గ్యాస్! రియల్! ఇట్స్ రియల్!" అని అరిచాడు. టేపు అవతల సురియాని బొటనవేలు పైకెత్తి చూపించింది. "వా అంకుల్, సో గుడ్ లా!" అని చేతిలోని అట్టమీద ఏదో రాసుకుంది.

అప్పుడు ఆ పదం కావాల్సొచ్చింది.

అది చెట్టు పేరని తెలుసు. పొద్దున పెదాల మీద అనుకున్నదీ తెలుసు. కానీ పదం లేదు. తన ఊరి చెట్లన్నీ గుర్తొచ్చాయట, అక్రోటు, విల్లో, నది ఒడ్డున వరసగా ఉండేవన్నీ, తల్లి పిలిచే పేర్లతో సహా. ఇది మాత్రం రాలేదు. కింద నుంచి అందించేవాళ్లు ఎవరూ లేరు. "ట్రీ! ట్రీ!" అని అరిచాడు. గొంతు అక్కడితో పూడుకుపోయింది.

సురియానికి అనుమానం వచ్చింది. డ్రిల్ కాయితాల్లో ఈ ట్రీ అనే మాట లేదు. టేపు దాకా వచ్చి వంగి చూసింది.

"అంకుల్! దిస్ వన్ రియల్ ఆ?"

అవునని తల ఊపాడు. భయంలో ఊపిన ఊపు. చిన్నప్పటినుంచీ వచ్చిన ఊపు. తల అడ్డంగా ఇటూ అటూ తిరిగింది.

కాదంటున్నాడనుకుంది ఆ పిల్ల. ఊపిరి పీల్చుకుని నవ్వి, మళ్లీ తన చోటికి వెళ్లి నిలబడింది.

తనేం చేశాడో బావకి అప్పుడు తెలిసింది. లోకంలో ఎవరూ తన మాట నమ్మరని ఆ క్షణంలో అనిపించిందట. ఎంత బాగా భయపడితే అంత బాగా నటిస్తున్నాడనుకుంటారు. రక్షణ బృందం వస్తుంది, కానీ డ్రిల్ లెక్కన వస్తుంది, గేటు దగ్గర ఆగి, వరస కట్టి, ఒక్కో అంశం సరిచూసుకుంటూ. అప్పటికి షౌకత్ ఉండడు. తనూ ఉండకపోవచ్చు.

రెండు చేతులతో తొడమీది గాయం పట్టుకుని పీకేశాడు. జిగురుతో పాటు చర్మం కూడా లేచొచ్చింది. అది పట్టుకుని లేచి నిలబడ్డాడు. కాలు విరిగినవాడు రెండు కాళ్లమీద తూలుతూ నడిచొచ్చి, ఆ సిలికాన్ ముద్దని సురియాని కాళ్లముందు విసిరికొట్టాడు.

ఆ పిల్ల ముఖంలో నవ్వు పోయింది. రేడియో తీసింది. "క్యాజువాల్టీ వన్ లేచి నడుస్తున్నాడు."

కంట్రోల్ రూమ్‌లో ఎవరో పకపకా నవ్వారు. "మిరాకిల్ లా!"

అక్క నవ్వలేదు. "ఎవరు నడుస్తున్నది?"

"మీ హస్బెండే, మేడమ్."

జ్వరంతో స్టేజీమీద నిలబడ్డ మనిషిని ఆమె చూసింది. చెయ్యి విరిగి కూడా ఆఖరి అంకం దాకా వేషం వదలని మనిషి ఆయన. "మా ఆయన పాత్ర మధ్యలో లేవడు" అని, పక్కనున్న అసలు అలారం మీద అరచెయ్యి వేసి నొక్కేసింది. "డ్రిల్ ఆపండి. ఇది నిజం. పంపు షెడ్డులో మనిషున్నాడు."

షెడ్డు దగ్గర సురియాని అప్పటికే టేపు కింద నుంచి దూరింది. షౌకత్ కాళ్లు ఆమెకి కనిపిస్తున్నాయి. బావ ఆమె పసుపు కోటు వెనకనుంచి పట్టుకున్నాడు.

"వదులు అంకుల్! లోపల ఉన్నాడు కదా!"

ఆయన వదల్లేదు. ఆమె చేతులమీద కొట్టింది, గీరింది. ఆయన ఏడుస్తూ ఆమెను వెనక్కి, ఇంకా వెనక్కి ఈడ్చుకుపోయాడు. ఆరోజు మొత్తంలో ఆయన్ని ఇప్పటికీ వదలనిది ఇదే. స్నేహితుడు లోపల పడి ఉన్నాడు. కాపాడబోయేవాళ్లని తను పట్టుకుని ఆపుతున్నాడు. "అది వాణి చెప్పిన జాగ్రత్తా, నా పిరికితనమా? రెండింటికీ చెయ్యి ఒకేలా బిగుసుకుంటుంది శశీ" అన్నాడు ఒకసారి నాతో.

రక్షణ బృందం డ్రిల్ కోసమే మాస్కులూ సిలిండర్లూ తగిలించుకుని గేటు దగ్గర సిద్ధంగా ఉంది. అదొక్కటే అదృష్టం. పరుగున వచ్చారు. షౌకత్‌ని ఎత్తుకొచ్చి గాలి తగిలే చోట పడుకోబెట్టారు. ముఖం బూడిదరంగులో ఉంది. ఛాతీ నొక్కడం మొదలుపెట్టారు. బావ దూరంగా మోకాళ్లమీద కూలబడి చూస్తున్నాడు. ఎంతసేపటికో షౌకత్ ఒళ్లు ఒక్కసారి ఎగిరిపడి, గొంతులోంచి గుర్రుమని చప్పుడొచ్చింది. అలాంటి చప్పుడు తను ఏ సినిమాలోనూ చెయ్యలేకపోయానని బావ అంటాడు.

నాకు కబురందేసరికి ఇద్దర్నీ ఆసుపత్రికి తెచ్చేశారు. నేను వెళ్లేటప్పటికి బావ వరండాలో కుర్చీలో ఉన్నాడు. పరీక్షలన్నీ చేసి, ప్రమాదం లేదని కూర్చోబెట్టారట. కానీ ఒంటినిండా ఎర్రరంగు అలాగే ఉంది. అటుగా పోయే ప్రతి నర్సూ ఉలిక్కిపడి ఆయన దగ్గరికి పరిగెత్తుకొస్తోంది. ఒక్కొక్కరికీ చెబుతున్నాడు, "నాది కాదు, రంగు. నాది కాదు."

షౌకత్ భార్య అన్వరి బేగం కూతురు అమ్రీన్‌ని వెంటబెట్టుకుని అప్పుడే వచ్చింది. బావని చూడగానే గోడకి చేరబడిపోయింది.

"యా అల్లా! గీ ఖూన్ ఎవరిది? మా ఆయనదా?"

"రక్తం కాదండీ. రంగు. నాటకం రంగు."

"నాటకమేంది భాయ్?"

బావ టిష్యూ కాయితాలతో చొక్కా తుడుచుకోసాగాడు. తుడిచేకొద్దీ ఆ రంగు చేతులకీ, మెడకీ, కుర్చీకీ అంటుకుంది. అన్వరి బేగం ఆ చేతులవైపే చూస్తూ అడిగింది. నిష్ఠూరం లేదు, తెలుసుకోవాలనే అడిగింది.

"ఆయన లోపల ఉండంగ నువ్వు బయటికెట్ల వచ్చినవ్?"

బావ ఎర్రటి చేతులు వెనక్కి దాచుకున్నాడు. అప్పుడే అక్క వచ్చింది. హెల్మెట్ ఇంకా తలమీదే ఉంది. ఆమె అన్వరి బేగం పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంది.

"ఈయన లోపలికి పోయుంటే ఇద్దరూ అక్కడే ఉండిపోయేవాళ్లు ఆపా. ఈయన లేచి నడిచాడు కాబట్టే మాకు తెలిసింది."

అన్వరి బేగం సంచిలోంచి తడిరుమాలు తీసి బావ చేతిలో పెట్టింది. అమ్రీన్ మాత్రం ఆయనకి దూరంగా జరిగి కూర్చుంది.

షౌకత్ మర్నాటి సాయంత్రం కళ్లు తెరిచాడు. మమ్మల్ని లోపలికి రానిచ్చారు. అతనికి సైరన్ దాకానే గుర్తుంది. ఆక్సిజన్ గొట్టం పక్కకి జరిపి, బొంగురుగొంతుతో బావని అడిగాడు.

"భాయ్, డ్రిల్లుల నేను మంచిగనే చేసిన్నా?"

బావ మంచం కమ్మీ పట్టుకుని అతని మీదకి వంగాడు.

"నువ్వు చేసినంత బాగా ఎవరూ చెయ్యలేరు" అన్నాడు.

విచారణ జరిగింది. పదం మరిచిపోయానని బావ ఉన్నదున్నట్టు చెప్పాడు. జనార్ధనరావు గారు లేచి, తప్పు ఆయనది కాదన్నారు. జాకెట్ విషయం చూడకపోవడం మా తప్పు, ప్రాణభయంలో ఉన్నవాడికి పొద్దున నేర్పిన చెట్టు పేరు గుర్తుండాలనుకోవడం నా తప్పు అన్నారు. ఇప్పుడు అక్కడ స్పృహ తప్పినవాడి వేషానికి మనిషిని పెట్టరు, బొమ్మని పడుకోబెడతారు. షౌకత్ కోలుకోవడానికి నెలలు పట్టింది. చేతివేళ్లలో వణుకు మిగిలిపోయింది. పంపుల దగ్గరి పని మాని ఆఫీసులో కూర్చుంటున్నాడు. అన్వరి బేగం మా అమ్మకి రంజాన్ నెలలో హలీం పంపిస్తుంది. అమ్మ మాంసం ముట్టదు. నాకు పెడుతుంది.

బావ చాలాకాలం ఏ వేషమూ కట్టలేదు. ఒకసారి వైద్య విద్యార్థుల పరీక్షకి వెళ్లాడు. నొప్పి ఎంత ఉందో చెప్పమని ఒక కుర్రాడు అడిగితే, ఇది నిజం కాదని వీడికి తెలుసు కదా, నిజమైన రోజు వీడు నమ్ముతాడా అనిపించి నోట మాట రాలేదట. పరీక్ష ఆపేసి పంపించేశారు. అక్క ఎవరో డాక్టరు దగ్గరికి తీసుకెళ్లింది. మాట్లాడగా మాట్లాడగా కొంత నెమ్మదించాడు. ఈ మధ్యే ఆ చిన్న బృందంతో మళ్లీ స్టేజీ ఎక్కాడు. పోస్టుమాన్ వేషం. ఉత్తరం ఇచ్చి, కాఫీ తాగి, వాతావరణం గురించి రెండు మాటలు చెప్పి వెళ్లిపోతాడు. షౌకత్ కుటుంబమంతా వచ్చి మా వరసలోనే కూర్చున్నారు. బావ లోపలికి వెళ్లిపోయేదాకా అక్క కుర్చీ చేతులు వదల్లేదు.

భయం మాత్రం పోలేదు. కళ్లు మూసుకుని కదలకుండా ఉన్న మనిషిని ఆయన చూడలేడు. ట్రైన్‌లో ఎదురుగా ఎవరైనా కునుకుతీస్తుంటే గట్టిగా దగ్గుతాడు. వాళ్లు కదలకపోతే తర్వాతి స్టేషన్‌లో దిగిపోయి ఇంకో ట్రైన్ కోసం నిలబడతాడు. తన్మయి పడుకునే ముందు కథ వింటూ నిద్రపోయినట్టు నటించడం మానేసింది. ఎవరూ చెప్పలేదు, దానికే తెలిసింది.

ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక అమ్మ టీవీ ముందు సోఫాలో ఒరిగి నిద్రపోతుంది. బావ వంటింటికి వెళ్లాలంటే ఆ సోఫా దాటాలి. అక్కడికొచ్చి ఆగిపోతాడు. పోయిన వారం నేను చూస్తూనే ఉన్నాను.

"అత్తయ్యగారూ."

అమ్మ కదల్లేదు.

"అత్తయ్యగారూ!"

అమ్మ కళ్లు తెరవకుండానే చెయ్యి చాపి, ఆయన మణికట్టు పట్టుకుంది.

"బతికే ఉన్నాను రామం బాబూ. వెళ్లి టీ పెట్టండి."